ఏడో పేజీ సవరణ

బుధవారం రాత్రి మా పత్రిక
ఛత్తాబజార్‌లో పెళ్లికార్డుల వెనక లైన్లో నిలబడేది.
ముందు పెళ్లిళ్లు, తర్వాత వలీమాలు,
ఆ తర్వాత కార్పొరేటర్ గారి పుట్టినరోజు,
మిషన్ చల్లారేలోపు మేం.
అందుకే మా మొదటి పేజీకి ఎప్పుడూ
ఎవరిదో పెళ్లి ఎరుపు కాస్త అంటుకుని ఉండేది.

పేరు మూడో బెల్లు.
ఎనిమిది పేజీలు, వెల లేదు.
వెల పెడితే ఎవరూ కొనరన్నాడు విక్టర్ పాల్.
ఊరికే ఇస్తే ఎవరూ చదవరంది ఇందుమతి.
ఇద్దరి మాటా నిజమైంది.

పెద్ద పత్రికలు హీరో చొక్కా రంగు రాసేవి.
మేం బర్కత్‌పురా మేడ మీద
పన్నెండు కుర్చీల ముందు ఆడిన ఏకపాత్ర గురించి రాసేవాళ్లం,
ధూల్‌పేట పతంగుల మీద కళ్లు గీసే ముసలాయన గురించి,
ఒగ్గుడోలు తోలు ఏ ఎండకు బిగుస్తుందో,
మెట్టుగూడ రైల్వే క్వార్టర్లలో
ముగ్గురు పిల్లలు కట్టిన బ్యాండు
పక్కింటి ఫిర్యాదుతో ఎలా ఆగిందో.

ఏడో పేజీ నాది: ఈ వారం ఊళ్లో.
ఫోన్ చేసి అడిగేదాన్ని, ఏంటి, ఎక్కడ, ఎన్నింటికి.
"జనం వచ్చినంక" అనేవాళ్లు.
నేను ఆరున్నర అని వేసేదాన్ని.
ఈ ఊళ్లో ఆరున్నర అంటే ఏడుంబావు,
మధ్యలోది చాయ్‌దని అందరికీ తెలుసు.

ఒకసారి నిద్రమత్తులో
గురువారం నాటకాన్ని మంగళవారం చేశాను.

మంగళవారం వాన.
నారాయణగూడ హాలు ముందుకి పదకొండు మంది వచ్చారట,
కొందరు గొడుగులతో, కొందరు మా పేపరే నెత్తిన పెట్టుకుని.
తాళం వేసి ఉంది.
వాచ్‌మన్ ఎల్లేశం తేదీ చూశాడు,
వాళ్ల తడిసిన చెప్పులు చూశాడు.
"అచ్చుల పడ్డదంటే ఏదో ఉంటది" అని తాళం తీశాడు.

లోపల ఒకటే బల్బు.
వేదిక మీద గురువారానికి ఆరేసిన నీలం తెర.
నాటకం లేదు. ఇంటికి పోదామంటే వాన ఒప్పుకోలేదు.
కాసేపు ఎవరి ఫోన్లో వాళ్లున్నారు.
ఎవరో రెండుసార్లు దగ్గారు.
అప్పుడు మోగింది గంట, ఒకటి, రెండు, మూడు.
ముప్పై ఏళ్లుగా ఆ గంట ఎల్లేశందే,
కాకపోతే ఎప్పుడూ బయటివైపు నుంచి.

"మొదలు నాకెర్క లేదు,
సైకిల్ స్టాండు సూసుకునేటోన్ని.
లోపటికొచ్చేసరికి సగమయ్యేది.
ఆఖర్లు జెప్త."

చెప్పాడట.
ఒక తల్లి చివరిదాకా తలుపు తియ్యలేదు.
ఒక దొర కుర్చీలోంచి లేవలేకపోయాడు.
ఒక నాటకంలో ఆఖరున అందరూ నవ్వారు,
ఎందుకో ఆయనకు ఇప్పటికీ తెలీదు.
ఆ నవ్వు నవ్వి చూపిస్తే
పదకొండు మందీ నవ్వారట.

ఇదంతా నాకు చెప్పింది ఎల్ఐసీ సబీహా.
తిట్టడానికే మెట్లెక్కి వచ్చింది,
చాయ్ రెండుసార్లు చల్లారింది.

గురువారం అసలు నాటకానికి ఏడుగురు.

ఆ వారం సవరణ నేనే రాయాల్సి వచ్చింది:
గత సంచిక ఏడో పేజీలో
మంగళవారం అని ఉన్నచోట గురువారం అని చదువుకోగలరు.
చింతిస్తున్నాం అని చేర్చమన్నాడు విక్టర్.
చేర్చాను. చదివాను. తీసేశాను.
ఇందుమతి చూసింది, ఏమీ అనలేదు.

పంచడానికి వెళ్తే హాలు గేటు దగ్గర
ఎల్లేశం కట్టలోంచి ఒకటి లాగి
నేరుగా ఏడో పేజీ తిప్పాడు,
వేలు పెట్టి కిందిదాకా పోయాడు.
"అన్నీ సక్కగనే ఉన్నయా?" అన్నాడు,
కొంచెం దిగులుగా.
"మల్లెప్పుడు తప్పు పడతది మేడమ్?"

పైవారం ప్రూఫు దిద్దుతూ
మంగళవారం దగ్గర
ఎర్రపెన్ను పట్టుకుని చాలాసేపు కూర్చున్నాను.
కింద మిషన్
ఎవరిదో లగ్నపత్రిక కొడుతూ ఉంది.